నాలుగో ఆవిడ చేతులు

ఆ ఫోను వచ్చే సమయానికి నేను మా చెల్లెలి మెడ దగ్గర కోత పెడుతున్నాను. కంగారు పడకండి. నేను సినిమాలు కూర్చే ఎడిటర్ని. మెడ తెర మీద ఉంది, చెల్లెలు పక్క వీధిలో ప్రింటింగ్ ప్రెస్సులో పనిలో ఉంది. ఆమె మొహం ఒక్క క్షణం కూడా కనపడకూడదని మేము ముందే షరతు పెట్టాం. అందుకని ఆమె తల తిప్పబోయిన ప్రతిచోటా, గడ్డం అంచు కనపడేలోపే కత్తిరిస్తున్నాను. ఈ పనిలో నన్ను మించినవాళ్ళు బోలెడుమంది ఉన్నారు గానీ, ఈ ఒక్క సినిమాకి నేను పడ్డంత భయం ఇంకెవరూ పడి ఉండరు.

ఫోను చేసింది దర్శకురాలు. ఆమె తీసేవి చిన్న చిన్న ప్రయోగాల సినిమాలు. కథ ఉండదు, పాటలు అసలే ఉండవు. చూసినవాళ్ళలో సగంమంది ఇంతకీ ఏం జరిగిందని పక్కవాళ్ళని అడుగుతారు, మిగతా సగంమంది అంతా అర్థమైనట్టు గడ్డం నిమురుకుంటారు. ఆమెను పట్టి పీడించే ప్రశ్న మాత్రం ఒక్కటే. ఆడదాన్ని చూసేవాళ్ళు నిజానికి ఏం చూస్తారు? దాని కోసం మొదట చేతుల మీద ఒక సినిమా తీసింది. వంటింట్లో పని చేసుకునే రెండు చేతులు, అంతే. తరవాత మెడ, దాని కూర్పే ఇంకా నా చేతిలో నలుగుతోంది. ఆ తరవాతది మూడోది, నలుగురు ఆడవాళ్ళకి ఒకే నీలం స్వెట్టరు తొడిగి, ఒకే వంటింట్లో ఒకే పని చేయించి, మొహాలు లేకుండా అతికించిన సినిమా. మనిషి మారినట్టు చూసేవాళ్ళు ఎక్కడ కనిపెడతారా అని ఆమె సరదా. తెలిసినవాళ్ళకి వేసి చూపిస్తే ఎవరూ కనిపెట్టలేదు. ఆమె చప్పట్లు కొట్టి మరీ నవ్వింది. పిల్లికి చెలగాటం, ఎలుకకి ప్రాణసంకటం అని నేను అప్పుడే అనుకున్నాను గానీ పైకి అనలేదు.

ఆరోజు ఫోనులో ఆమె సంతోషం పట్టలేకపోతోంది. ఎవరో ప్రేక్షకుడు మొదటి సినిమాని పదే పదే చూశాడట. చివర వేసే పేర్లలో నంబరు పట్టుకుని ఫోను చేశాడట. అంత శ్రద్ధగా చూసినవాణ్ణి ఆమె జన్మలో చూడలేదట.

"కత్తెరక్కా, ఆయన ఏమన్నాడో తెలుసా? ఉప్పు డబ్బా మూత పెట్టాక ఆవిడ రెండుసార్లు తడుతుంది, రెండోసారి కాస్త గట్టిగా, అన్నాడు. మనం తీశాం గానీ మనకే తెలీదు చూడు. ఆయనది కళ్ళద్దాల షాపట. చూపు గురించి ఎంత బాగా మాట్లాడాడో."

కళ్ళద్దాల షాపు అనగానే నేను తెర మీది మెడని ఆపేశాను. ఆమె ఇంకా మాట్లాడుతూనే ఉంది. శనివారం మూడో సినిమా షోకి ఆయన్ని పిలిచిందట. చేతులావిడని పరిచయం చేస్తానని మాట కూడా ఇచ్చేసిందట. కొరివితో తల గోక్కోవడం అంటే ఏమిటో నాకు ఆ నిమిషంలో అర్థమైంది, పైగా ఆ తల మా చెల్లెలిది.

చెల్లెలంటే సొంత చెల్లెలు కాదు, మా పిన్ని కూతురు. మా అమ్మకీ పిన్నికీ మాటలు పోయి ఎన్నేళ్ళో అయింది. ఎందుకు పోయాయో వాళ్ళిద్దరికీ కూడా సరిగ్గా గుర్తున్నట్టు లేదు. ఆ పోట్లాట పుణ్యమా అని చెల్లెలి పెళ్ళికి మమ్మల్ని పిలవలేదు, నేననేదాన్ని ఒకర్తెని ఉన్నానని ఆమె మొగుడికి తెలీనే తెలీదు. చలికాలంలో ఒక పొద్దున్నే ఆమె చిన్న సంచితో నా గుమ్మం ముందు నిలబడింది. తనకి ఏ ఊళ్ళో ఉన్న చుట్టాల ఇళ్ళైనా అతనికి తెలుసు, ఒక్క నా ఇల్లు తప్ప. గొడవ పడ్డ బంధుత్వమే ఆమెకి దాక్కునే చోటైంది.

అతను తాగడు, అరవడు. ఆమె పని చేస్తుంటే కుర్చీ వేసుకుని కూర్చుని చూస్తాడు. గిన్నె అలా కాదు ఇలా పెట్టు, తలుపు దగ్గర అలా కాదు ఇలా నిలబడు అంటాడు, గొంతు పెంచకుండా. రెండోసారి చెప్పించుకుంటే లేచి వచ్చి మణికట్టు పట్టుకుంటాడు. ఒకసారి ఆమె వాళ్ళ ఊళ్ళో పోలీసుల దగ్గరకి వెళ్ళింది. అక్కడి అధికారి కళ్ళజోడు చేసిచ్చింది అతనే. మొగుడూ పెళ్ళాల మధ్య మేమేం చెప్తామమ్మా అని, టీ తాగించి, అతన్నే పిలిపించి, అతనితోనే పంపించారు. ఆ రాత్రి సంగతి ఆమె నాకు ఎప్పుడూ చెప్పలేదు, నేను అడగలేదు.

దర్శకురాలికి ఇంతకాలం మేము ఇవేవీ చెప్పలేదు. మొహం చూపించడం ఇష్టంలేని సిగ్గరి అని మాత్రం చెప్పాం. ఒకరోజు చెల్లెలు నాకు అన్నం డబ్బా తెచ్చి ఇస్తుంటే ఆ చేతులు చూసి దర్శకురాలు ముచ్చటపడింది, ఎంత పొందిగ్గా కదులుతున్నాయో అంది. చెల్లెలు ఒప్పుకుంటుందని నేను అనుకోలేదు. ఒప్పుకుంది. కెమెరా ముందు నుంచి ఇంటికి వచ్చాక, తనని ఎవరో చూశారనీ, చూసి కూడా తప్పు పట్టలేదనీ చిన్నపిల్లలా చెప్పుకుంది. మొహం లేకపోతే మనిషి లేనట్టే కదా అని నేనూ ధైర్యంగా ఉన్నాను. ఎడిటర్లందరం అలాగే అనుకుంటాం. మొహం తీసేస్తే ఎవరిదైనా ఒకటే.

దర్శకురాల్ని నా ఎడిటింగ్ గదికి పిలిచి కూర్చోబెట్టి అంతా చెప్పాను. ఆయన గొంతు అంత మెత్తగా ఉంది కదక్కా అని మాత్రం అనగలిగింది. షో ఆపేద్దామంది. ఆపితే ఏమవుతుందో నేను ఆలోచించి పెట్టుకున్నాను. సినిమా చివర ఈ గది చిరునామా కూడా ఉంది. శనివారం హాల్లో కనపడకపోతే ఆదివారం ఈ తలుపే తడతాడు. ఇక్కడ మేమిద్దరమే, అక్కడ హాలు నిండా జనం. రానీ, చేతులావిడ వేరే ఊరు వెళ్ళిపోయిందని చెబుదాం, నేను వెనకాల నిలబడి అతని మొహం గుర్తుపెట్టుకుంటాను అన్నాను. అతని మొహం మాకు తెలియాలి. ఎందుకంటే అది మా అక్కచెల్లెళ్ళిద్దరిలో ఎవరికీ తెలీదు.

నాకు తెలీదంటే అర్థముంది. చెల్లెలికీ తెలీదు. ఆ సాయంత్రం విషయం చెప్పి, అతను ఎలా ఉంటాడని అడిగితే, ఎప్పుడూ సరిగ్గా చూడలేదంది. ఆమెకి చిన్నప్పటినుంచీ చూపు తక్కువ. చెయ్యి చాచినంత దూరం దాటితే అంతా మసక. కళ్ళద్దాల షాపువాడి పెళ్ళాం, కళ్ళజోడు లేదు. అడిగితే, ఎదురుగా ఏముందో నేను చెప్తాగా, నీకెందుకు అనేవాడట. దగ్గరకి వచ్చినప్పుడు తల ఎత్తితే ఏం చూస్తున్నావనేవాడట. ఆమెకి తెలిసినవి అతని బూట్లు, గోళ్ళు శుభ్రంగా కత్తిరించిన వేళ్ళు, మాట్లాడే ముందు గొంతు సవరించుకునే చప్పుడు. కళ్ళజోడు నేను కొనిపెట్టాను. అది పెట్టుకున్న మొదటిరోజు ఆమె మా గోడ మీది పగుళ్ళు కూడా ఆనందంగా చూసింది.

ఉప్పు డబ్బా సంగతి అప్పుడే అడిగాను. అంతవరకూ అది ఆమె అలవాటే అనుకున్నాను. దర్శకురాలైతే దాన్ని ఆమె సంతకం అనేది.

"ఒకటి మూత పడిందని అక్కా. రెండోది అది ఆయనకి వినపడాలని."

ఆ చేతుల్లో మేము ముచ్చటపడ్డ పొందిక అంతా అతను కూర్చుని దిద్దింది. సినిమాలో అతను పెళ్ళాన్ని చూడలేదు, తన చేతిపనిని చూసుకున్నాడు. దాన్నే మేము ఇంకో ముగ్గురికి నేర్పించాం. అందులో నేను కూడా ఉన్నాను. నాలుగో ఆవిడకి జ్వరం వస్తే, నా వేళ్ళూ చెల్లెలి వేళ్ళూ ఒకే అచ్చులా ఉన్నాయని దర్శకురాలు నాకే ఆ నీలం స్వెట్టరు తొడిగించింది. మా ఇద్దరివీ అమ్మమ్మ వేళ్ళు. మిగతా ఇద్దరికీ దర్శకురాలు నేర్పింది. నాకు మాత్రం చెల్లెలే దగ్గరుండి నేర్పింది. రెండోసారి తట్టేటప్పుడు ఊపిరి బిగపట్టాలక్కా అంది. ఎందుకని అప్పుడు నేను అడగలేదు, బిగపట్టాను.

శనివారం దాకా మా ఇంట్లో రోజూ ఒకే వాదన. తనూ వస్తానంటుంది. వద్దంటాను. ప్రెస్సుకి వెళ్ళేటప్పుడు ఎదురొచ్చే ప్రతి మగవాడి బూట్లూ చూస్తున్నాననీ, బస్సులో వెనకాల ఎవరైనా గొంతు సవరించుకుంటే దిగిపోతున్నాననీ చెప్పింది. పాము కరిచినవాళ్ళకి తాడుని చూసినా భయమే అంటారు, ఈ పిల్లకి పాము ఎలా ఉంటుందో కూడా తెలీదు.

"మొహం తెలీని మనిషికి భయపడటం చాలా కష్టమక్కా. అందరికీ భయపడాలి."

అది నిజమే. అయినా వద్దనే అన్నాను. శనివారం మధ్యాహ్నం బయల్దేరుతూ తలుపు వేశాను. ఒకవేళ వెనకాలే వచ్చేస్తే అనిపించి, తాళం తీసి గడియకి పెట్టబోయాను. లోపల ఆమె కుర్చీ కదిలిన చప్పుడైంది, తరవాత ఏ చప్పుడూ లేదు. తాళం చప్పుడు కోసం వింటోందని తెలిసింది. సిగ్గుతో నా చెవులు వేడెక్కాయి. తాళం సంచిలో పడేసుకుని మెట్లు దిగిపోయాను.

హాలు చిన్నది. తలుపు ఒక్కటే, రెండో తలుపుకి పాత కుర్చీలు అడ్డంగా పేర్చి ఉన్నాయి. తలుపు పక్కన బల్ల, బల్ల మీద చింపిన టికెట్టు ముక్కలు వేసే రేకు డబ్బా, బల్ల వెనక టికెట్లావిడ. ఆమె నన్ను ఎగాదిగా చూసి ఏంటమ్మా అలా చెమటలు పడుతున్నాయంది. నేను వచ్చేవాళ్ళ బూట్లు చూస్తున్నాను. మెరిసే బూట్లు చాలామందికి ఉన్నాయి. శుభ్రమైన గోళ్ళు చాలామందికి ఉన్నాయి. ఏ పుట్టలో ఏ పాముందో. పెళ్ళాం చెయ్యి పట్టుకుని నెమ్మదిగా మెట్లెక్కించిన ముసలాయన్ని కూడా అనుమానంగా చూశాను.

దీపాలు ఆరాయి. నేను వెనక గోడకి ఆనుకుని నిలబడ్డాను. తెర మీద నీలం స్వెట్టరు చేతులు గిన్నె కడిగాయి, బల్ల తుడిచాయి, ఉప్పు తీశాయి, మూత పెట్టాయి. నేను కూర్చిన సినిమా, ఏ కోత ఎక్కడుందో నాకు నిద్రలో కూడా తెలుసు. ఇప్పుడు మూత మీద వేళ్ళు తడతాయి అనుకునేలోపే హాల్లోంచి చప్పుడు వచ్చింది. టక్, టక్. ఆ తరవాత తెర మీద వేళ్ళు తట్టాయి.

ఎవరో కుర్చీ చేతి మీద వేలితో కొట్టారు. తెర కంటే ముందు.

రెండో ఆమె మూత పెట్టింది. మళ్ళీ ముందుగా అదే చప్పుడు. అలవాటైన పాటకి తాళం వేస్తున్నట్టు, తీరిగ్గా. జనంలో ఎవరూ పట్టించుకోలేదు. నేను చెవి పెట్టి, మధ్య వరసలో, నడవ పక్క కుర్చీలో ఒక తలని పట్టుకున్నాను. చక్కగా దువ్విన తల. నాలుగో ఆమె వచ్చినప్పుడు, అంటే నేను వచ్చినప్పుడు, అతను కొట్టలేదు. ముందుకి వంగాడు.

దీపాలు వెలిగాయి. దర్శకురాలు ముందుకి వచ్చి ప్రశ్నలుంటే అడగమంది. అతను లేచాడు. గొంతు సవరించుకున్నాడు. నలభై దాటిన మామూలు మొహం, కాస్త దిగులు, ఎవరింట్లోనైనా బావగారో బాబాయో అయి ఉండగలిగే మొహం. నేను దాన్ని గుర్తుపెట్టుకోవాలని ఎంత చూసినా పట్టుకోవడానికి అందులో ఏమీ దొరకలేదు.

"చాలా బాగుందండి. మీరు నలుగుర్ని చూపించారు. ముగ్గురు నటించారు. నాలుగో ఆవిడ నటించలేదు. అవి మా ఆవిడ చేతులు. నేను ఎక్కడున్నా గుర్తుపడతాను."

అతను చెప్పింది నా చేతుల గురించి. అమ్మమ్మ వేళ్ళూ, చెల్లెలి దగ్గర నేర్చుకున్న ఆ బిగపట్టిన ఊపిరీ. రెండో ఆమెగా వచ్చిన చెల్లెల్ని అతను నటి అనేశాడు. ఆ రోజు కెమెరా ముందు ఆమె భయం లేకుండా ఉంది కాబోలు.

అతను కూర్చోలేదు. తన భార్య మనసు బాగోక ఇల్లు వదిలి వెళ్ళిందనీ, అప్పటినుంచీ సరిగ్గా నిద్రపోలేదనీ, ఎవరి మీదా కోపం లేదనీ చెప్పాడు. హాలంతా కరిగిపోయింది. ముందు వరసలో ఒకావిడ పాపం అంది. చేతులు చూసి పెళ్ళాన్ని గుర్తుపట్టే మగవాళ్ళు ఈ రోజుల్లో ఎవరున్నారని ఇంకొకావిడ కళ్ళు తుడుచుకుంది. ఆవిడ వేరే ఊరు వెళ్ళిపోయిందనీ, ఎవరో చెప్పలేననీ దర్శకురాలు అంటే జనం గుసగుసలాడారు. చెప్తే ఏం పోయిందమ్మా అన్నారెవరో. ఆ నిమిషంలో నాకు అతని కంటే వాళ్ళంటేనే ఎక్కువ భయమేసింది.

అతను ఆ మాట నమ్మినట్టు లేదు, వెళ్ళి తలుపు దగ్గర నిలబడ్డాడు. బయటికి వెళ్ళే ఆడవాళ్ళకి మర్యాదగా ఒక పక్కకి తప్పుకుని, తల వంచి, ఒక్కొక్కరి చేతులూ చూస్తున్నాడు. కొందరు నవ్వుతూ తామే చాచి చూపించారు. మీరు కాదమ్మా, థాంక్సండి అంటున్నాడు. నేను చేతులు జేబుల్లో పెట్టుకుని అందరికంటే వెనక నిలబడ్డాను. అప్పుడు వరసలో, నాకంటే ఆరుగురు ముందు, నా ఇంటికి వచ్చాక పొట్టిగా కత్తిరించుకున్న జుట్టు కనపడింది.

చెల్లెలు. ఎప్పుడొచ్చిందో తెలీదు. అతని వెనక వరసలోంచే లేచినట్టుంది. పిలిస్తే పేరు వింటాడు. పరిగెత్తితే తిరిగి చూస్తాడు. వరస కదులుతోంది. ఆమె అతని ముందుకి వచ్చింది, ఆగింది. చేతులు ముందుకి పెట్టింది. ప్రెస్సు ఇంకు గోళ్ళలోకి ఇంకిపోయి నల్లగా, వేళ్ళ కణుపుల మీద నీలం మరకలతో ఉన్నాయి. షూటింగు రోజుల్లో వాటిని నేను నిమ్మచెక్కతో రుద్ది రుద్ది కడిగేదాన్ని. అతను చూశాడు. ఆమె కళ్ళజోడులోంచి అతని మొహంలోకి సూటిగా చూస్తోంది.

"మీరు కాదమ్మా. వెళ్ళండి."

తల ఎత్తకుండానే అన్నాడు. తన కళ్ళలోకి చూసే ఆడది తన భార్య అయ్యే వీలే లేదు అతనికి. ఆమె వెళ్ళింది. కానీ ఆమె వీధిలోకి వెళ్ళలేదు. గాజు తలుపు అవతల, గోడ పక్కకి జరిగి, నా కోసం ఆగింది. ఎలా ఆగిందంటే, ఒక భుజం గోడకి తగలకుండా, రెండు పాదాలూ కలిపి, చేతులు ఒకదానిలో ఒకటి పెట్టుకుని. తలుపు దగ్గర అలా కాదు ఇలా నిలబడు అని కొన్నేళ్ళపాటు నేర్పిన నిలబడటం. ఆమెకి తెలీదు, ఒళ్ళు దానంతట అదే నిలబడింది. అతను తరవాతి ఆవిడకి దారి ఇవ్వడానికి పక్కకి తిరిగాడు, గాజులోంచి అతని చూపు బయటికి పోయింది. చూపు ఆగింది. తల కొంచెం పక్కకి వాలింది.

నేను ఆలోచించలేదు. నా ముందున్నవాళ్ళని తోసుకుని బల్ల దగ్గరకి వెళ్ళి, టికెట్టు ముక్కల డబ్బా మూత తీసి, మళ్ళీ పెట్టి, తట్టాను. ఒకటి. ఊపిరి బిగపట్టి, రెండు.

అతను గిరుక్కున తిరిగాడు. నా మణికట్టు అతని చేతిలో ఉంది. బొటనవేలు ఎముకల మధ్య సందులోకి సరిగ్గా దిగింది, కళ్ళు బైర్లు కమ్మాయి.

"చాలు ఇంక. ఇంటికి పద."

ఆ గొంతు అప్పటిదాకా హాల్లో విన్న గొంతు కాదు. మీరెవరని గట్టిగా అడిగాను. అతను నా మొహం వైపు చూడనే లేదు, నా చేతిని చూస్తూనే, ఆవిడకి ఒంట్లో బాగోదండి, కాస్త దారివ్వండి అని జనంతో అన్నాడు. జనం దారిచ్చారు. అది నేను చచ్చేదాకా మర్చిపోను. నేను కాదంటున్నాను, కాళ్ళు బిగించి వెనక్కి లాగుతున్నాను, వాళ్ళు జాలిగా చూస్తూ పక్కకి తప్పుకున్నారు. పాపం అన్న ఆవిడ నా భుజం తట్టి, వెళ్ళమ్మా, మంచివాడు అంది. గుమ్మం దాకా లాక్కుపోయాడు.

దర్శకురాలు కుర్చీల మీద నుంచి దూకినంత పని చేసి వచ్చింది. ఆవిడ మా ఎడిటరు, ఆవిడకి అసలు పెళ్ళే కాలేదు అని అరిచింది. నాకు పెళ్ళి కాలేదని చుట్టాలంతా ఇన్నేళ్ళూ బుగ్గలు నొక్కుకున్నారు, అది నాకు పనికొచ్చింది ఈ ఒక్కసారే. అందరి కళ్ళూ ఒకేసారి నా మొహం మీద నుంచి అతని చేతి మీదకి దిగాయి. టికెట్లావిడ లేచి వెళ్ళి తలుపుకి అడ్డంగా నిలబడింది. అప్పుడు అతను తల ఎత్తి నన్ను చూశాడు. చాలాసేపు చూశాడు. అతని మొహంలో కోపం లేదు, ఎవరో అతని వస్తువు మార్చేసినట్టు అయోమయం ఉంది. చెయ్యి మాత్రం వదల్లేదు. ఇద్దరు మగవాళ్ళు వచ్చి విడదీయాల్సి వచ్చింది.

మా ఊరి పోలీసు స్టేషన్లో అతను మళ్ళీ మెత్తని మనిషైపోయాడు. పొరపాటైందన్నాడు, దిగుల్లో కళ్ళు కనపడలేదన్నాడు, నాకు క్షమాపణ చెప్పాడు. అక్కడి అధికారి మంచివాడిలాగే ఉన్నాడు. వాచిన నా మణికట్టు చూసి మంచుముక్క తెప్పించాడు. కుర్చీ దగ్గరకి లాక్కుని పెన్ను తీశాడు.

ఇతను మీకు ఏమవుతాడు అని అడిగాడు. వరస ప్రకారం మరిది అవుతాడు. ఆ వరస నా నోట రాలేదు. ఏమీ కాడన్నాను.

"అయితే రాసుకోవచ్చు. సొంత పెళ్ళామైతే ఇద్దరికీ నచ్చచెప్పి పంపేవాణ్ణి. పరాయి ఆడదాని చెయ్యి పట్టుకుంటే కేసే."

ఎంత మామూలుగా అన్నాడో. అదే చెయ్యి, అదే బొటనవేలు, అదే ఎముకల సందు. నా వెనక నిలబడ్డ చెల్లెలు అంతసేపూ మాట్లాడలేదు. సాక్షి అనుకుని ఎవరూ ఆమెను పట్టించుకోలేదు. అతను కూడా రెండుసార్లు ఆమెను దాటి గోడ గడియారం చూశాడు. ఆమె నా పక్కకి వచ్చింది. వద్దని నేను ఆమె స్వెట్టరు అంచు పట్టుకున్నాను. ఇప్పుడు నోరు తెరిస్తే ఇన్నాళ్ళు దాచిందంతా పోతుంది. ఇతన్ని రేపో ఎల్లుండో బయటికి వదులుతారు, మా ఊరు తెలిసిపోయింది, ఆమె ఎవరితో ఉందో తెలిసిపోతుంది. ఆమె నా వేళ్ళు మెల్లగా విడిపించుకుంది.

"నాక్కూడా ఏమీ కాడు సార్. నాదీ రాసుకోండి."

ఆ గొంతు విని అతను ఆమెని గుర్తుపట్టాడు. కుర్చీలో సగం లేచి, గొంతు సవరించుకున్నాడు. ఆమె చేతులు వెనక్కి పెట్టుకుని వాటిని గట్టిగా పట్టుకుంది. కళ్ళు మాత్రం అతని మొహం మీద నుంచి తీయలేదు.

ఆ పెళ్ళాం ఈమేనని అధికారికి అర్థమైనట్టుంది, పెన్ను పక్కన పెట్టి, మొదటినుంచీ చెప్పమ్మా అన్నాడు.